హెర్వోర్‌కి తండ్రిగా ఒక సాయంత్రం

మిన్నెసోటాకి మేం ఊళ్ళు చూడటానికి వెళ్ళలేదు. మా అమ్మాయిని వెనక్కి తీసుకురావడానికి వెళ్ళాం. మేం అంటే నేనూ, మా ఆడపడుచు సరళ వదినా.

మేం ఉండేది ఇలినాయ్‌లోని అరోరాలో. మా అమ్మాయి మేఘన ఇక్కడే పుట్టింది. మెకానికల్ ఇంజనీరింగ్ చదివి, పంపులు తయారుచేసే కంపెనీలో మంచి ఉద్యోగం చేసేది. కిందటి చలికాలంలో ఓ రోజు అన్నం తింటూ, "అమ్మా, జాబ్ రిజైన్ చేశాను. మిన్నెసోటాలో ఇనుము కొట్టడం నేర్పుతారు. అక్కడికి వెళ్తున్నాను," అంది. కమ్మరి అనే మాట దానికి తెలీదు. మా ఆయన రవి పప్పు వడ్డించుకుంటున్నవాడు అలా వడ్డించుకుంటూనే ఉండిపోయాడు. కంచం నిండి పప్పు బల్లమీదకి వచ్చింది.

అది వెళ్ళిపోయింది. మేం తిట్టాం, అలిగాం, మళ్ళీ ఫోన్లు చేశాం. సెప్టెంబర్‌లో రవి స్నేహితుడు ప్రసాద్ గారు కబురు చెప్పారు. మేఘన పాత కంపెనీలో ఆయన మేనేజరు. దాని సీటు ఇంకా ఖాళీగానే ఉందట, సోమవారంలోగా సరేనంటే మళ్ళీ తీసుకుంటారట. సరిగ్గా ఆ వారమే మేఘన కూడా ఫోన్ చేసింది. వాళ్ళ ఊళ్ళో వైకింగ్ పండగట, తను నాటకంలో వేషం వేస్తోందట, రమ్మంది. రవికి ఆ శని ఆదివారాలు ఆఫీసులో కొత్త సాఫ్ట్‌వేర్ రిలీజు. "ఫోన్‌లో చెబితే కట్ చేసేస్తుంది. నువ్వెళ్ళి ఎదురుగా కూచోబెట్టి చెప్పు," అన్నాడు. వదిన అప్పటికి నెల రోజులుగా మా ఇంట్లో కిటికీలోంచి ఎదురింటివాళ్ళ గరాజ్ తలుపు చూస్తూ కూచుంది. "నేనూ వస్త," అంది.

వదిన హనమకొండలో బడిపిల్లలకి ఆటలు నేర్పిన పీఈటీ. రిటైరైంది కానీ మెడలో విజిల్ తియ్యలేదు. అమెరికాలో ఎలుగుబంట్లు ఉంటాయని ఎవరో చెప్పారట, అందుకని పెట్టుకొచ్చింది.

విస్కాన్సిన్

అరోరా దాటాక మొక్కజొన్న చేలు మొదలయ్యాయి. విస్కాన్సిన్ వచ్చినా అవే చేలు. వదిన డబ్బాలోంచి సకినాలు తీసి నాకొకటి, తనకొకటి చొప్పున పంచుతూ, "ఇంత మక్క ఎవరు తింటరు పద్మా?" అని అడిగింది. ఆవులు తింటాయన్నాను. "ఆవులేవి మరి?" అంది. నిజమే, గంట నించీ ఒక్క ఆవు కనపడలేదు. చివరికి ఒకటి కనపడింది. అది జున్నుల దుకాణం కప్పు మీద నిలబెట్టిన ప్లాస్టిక్ ఆవు.

అక్కడ దిగాం. చీజ్ కర్డ్స్ అని అమ్ముతారు, వేలెడంత జున్ను ముక్కలు. తాజావైతే పళ్ళకింద కిచకిచమని చప్పుడు చేస్తాయి, చప్పుడు ఆగిపోతే పాతబడ్డట్టు. కౌంటర్ దగ్గరావిడ ఒక ముక్క వదిన చేతిలో పెట్టి, నమిలేదాకా చెవి ఇటు పెట్టి విన్నది. చప్పుడు వచ్చాక తృప్తిగా తలాడించింది. పేకెట్ ఆరు డాలర్లు.

"ఐదువందలు పెట్టి రబ్బరు చెప్పు కొన్నవు," అంది వదిన. మిసిసిపి వచ్చేలోగా పేకెట్ తనే ఖాళీ చేసింది.

ఎక్కడికి వెళ్తున్నారని ఆ దుకాణం ఆవిడ అడిగితే వైకింగ్ పండగకన్నాం. ఆవిడ ముఖం కాస్త సీరియస్ అయింది. "కొమ్ముల టోపీ మాత్రం పెట్టుకోకండి. మా మరిది పెట్టుకెళ్ళి తిట్లు తిన్నాడు. అసలు వైకింగులకి కొమ్ములు లేవట. నాటకాలవాళ్ళు తగిలించారట," అని హెచ్చరించింది. అలాంటి ఉద్దేశం మాకు లేదని మాటిచ్చాం.

ఆ రాత్రికి నది ఇవతల ఒక మోటెల్‌లో దిగాం. పొద్దున్నే ఫలహారంలో వాఫుల్ అనే గళ్ళ అట్టు చేసుకునే మిషన్ ఉంది. పిండి పోసి మూత తిప్పాలి, గంట మోగాక తియ్యాలి. గంట మోగకముందే వదిన తెరిచింది. వాఫుల్ రెండుగా చీలి సగం పైమూతకీ, సగం కిందకీ అంటుకుపోయింది. వెనక లైన్లో ఉన్న ముసలాయన ప్లాస్టిక్ చెంచాతో అదంతా గీకి శుభ్రం చేసి, మిషన్ అలా పనిచేసినందుకు ఆయనే మాకు సారీ చెప్పాడు. అప్పటికి ఆ మర్యాద నాకు వింతగా తోచింది. అది ఇంకా ప్రారంభమేనని తెలీదు.

నది దాటాక

మిసిసిపి చూసి వదిన, "మా ఏటూరునాగారం కాడ గోదారి ఇంతకంటే వెడల్పుంటది," అంది. నేను తెనాలి పిల్లని. మా కృష్ణ కూడా ఇంతకంటే వెడల్పేనన్నాను. దాంతో మిసిసిపి సంగతి తేలిపోయింది.

మధ్యాహ్నానికి రోడ్డు పక్కన ఒక పెట్రోలు బంకు ముందు పెద్ద ఫైబర్ గ్లాస్ వైకింగ్ బొమ్మ కనపడింది. తాటిచెట్టంత ఉంది. చేతిలో గొడ్డలి, తలమీద కొమ్ముల టోపీ. "ఈయనకెవరు చెప్పలేదు పాపం," అంది వదిన. ఫొటో కావాలంది. రోడ్డు వారకి ఆపాను. వదిన కాలువ దాటి, గడ్డిలో నిలబడి, బొమ్మలాగే ఒక చెయ్యి పైకెత్తింది. నేను ఫోన్ పట్టుకున్నానో లేదో వెనక ఎర్ర నీలం దీపాలు వెలిగాయి.

పోలీసాయన చాలా పొడుగు, కళ్ళు మాత్రం చిన్నపిల్లాడివిలా ఉన్నాయి. ఇక్కడ కారు ఆపకూడదని చెప్పి లైసెన్స్ అడిగాడు.  లైసెన్స్‌లో పేరు చూసి ఆయన ఆగాడు.

"మీరు మేఘనకేమవుతారు?"

"అమ్మని," అన్నాను.  ఇది ఏం చేసిందో అనుకున్నాను.

ఆయన టోపీ తీశాడు. "మా పశువుల పాక గేటుకి గొళ్ళెం ఆమే చేసింది. పాతది ఎప్పుడూ గాలికి ఊడిపోయేది. ఇప్పుడు కదలదు," అన్నాడు. ఫోన్ తీసి గొళ్ళెం ఫొటో చూపించాడు. చివర చిన్న మామిడి పిందెలా వంచి ఉంది. అది మా ఇంట్లో పట్టుచీరల అంచుమీద ఉండే పిందె. దాన్ని వాళ్ళు ఆకు అనుకుంటున్నారు.

ఆయన ఎదురుగా వచ్చే కార్లని ఆపి, వదినకి తీరిగ్గా ఫొటో తీసి పంపించాడు. వెళ్ళేముందు, "రేపు సాయంత్రం మా ఆవిడ డాలు పట్టుకుని మొదటి వరసలో ఉంటుంది. చూడండి," అన్నాడు.

కారు స్టార్ట్ చేశాను. ఎక్కడో పరాయి రాష్ట్రంలో ఎవడో పోలీసు నా ఇంటిపేరు చదివి టోపీ తీస్తాడని నేనెప్పుడూ అనుకోలేదు. అలాగని గేటు గొళ్ళేలతో బతుకు వెళ్ళిపోతుందా అని కూడా అనిపించింది.

చర్చి కింద భోజనం

ఊరు ఒకే వీధి. ఒక బ్యాంకు, ఒక పాత సినిమా హాలు, ఒక చర్చి, చివర ధాన్యం నిలవచేసే పెద్ద గుండ్రటి గోదాములు. పండగ ముందురోజు అందరూ చర్చి కింది హాల్లో కలిసి తింటారు, ఎవరి వంట వాళ్ళు తెస్తారు.

మేఘన పరుగెత్తుకొచ్చి నన్ను పట్టుకుంది. జుట్టు రెండు జడలు, చెంపమీద మసి. కావలించుకుంటే దాని భుజాలు నాకు కొత్తగా తగిలాయి, గట్టిగా, ఎవరో మగపిల్లాడివిలాగా. "అత్తా, నువ్వు కూడా వచ్చావు," అని వదినని గాల్లోకి ఎత్తింది. వదిన దిగాక దాని చెయ్యి నొక్కి చూసి, "షాట్‌పుట్‌ వేస్తవా?" అని అడిగింది.

తిండి సంగతి చెప్పాలి. హాట్ డిష్ అని ఒకటుంది. కింద ఏముంటుందో చెప్పరు, పైన మాత్రం ఆలుగడ్డ ఉండలు బడిపిల్లల్లా వరసగా నిలబెడతారు. ఆకుపచ్చ జెల్లీలో కేరట్ తురుము వేసి దాన్ని సలాడ్ అంటారు. వదిన మాంసం ముట్టదు. "ఇందులో మాంసం ఉందా?" అని నేనడిగితే, వడ్డించే ఆవిడ బాధగా, "అయ్యో, కొంచెమే ఉంది," అంది, తక్కువైనందుకు మేం ఏమనుకుంటామో అన్నట్టు. చివరికి వదినకి దొరికింది లెఫ్సా. ఉడికించిన ఆలుగడ్డతో చేసే పల్చని రొట్టె, వెన్న రాసి పంచదార చల్లి చుడతారు. పూర్ణం పెట్టడం మర్చిపోయిన బొబ్బట్టులా ఉంది. వదిన నాలుగు తింది. మా సకినాల డబ్బా బల్లమీద పెడితే ఐదు నిమిషాల్లో ఖాళీ. ఒక ముసలావిడ చివరి సకినం వెలుతురుకి ఎత్తి చూసి, తన నాయనమ్మ నార్వే నించి తెచ్చిన వంట ఇలాగే ఉండేదని కళ్ళు తుడుచుకుంది. మేం కాదనలేదు.

అక్కడి మర్యాద ఒకటి ఆ హాల్లోనే తెలిసింది. ఏదైనా ఇస్తామంటే వెంటనే తీసుకోకూడదు. మొదటిసారి వద్దనాలి. రెండోసారీ వద్దనాలి. మూడోసారి "సరే, మీకు శ్రమ లేకపోతే" అనాలి. మా తెనాలిలో పెళ్ళి బంతిలో విస్తరికి చెయ్యి అడ్డం పెట్టుకోవడం గుర్తొచ్చి, ఇది మనవాళ్ళ ఊరే అనిపించింది.

భోజనాల మధ్యలో మేఘన తన వేషం గురించి చెప్పింది. హెర్వోర్ అని ఉత్తర దేశాల పాత కథల్లో ఒక వీరవనితట. పుట్టకముందే తండ్రి అంగాంటీర్ ఒక దీవిలో యుద్ధంలో చచ్చిపోయాడు. ఆయన్నీ, ఆయన తమ్ముళ్ళనీ అక్కడే మట్టిదిబ్బల కింద పూడ్చారు. ఆయనతోపాటు శాపం ఉన్న కత్తి ఒకటి పూడ్చారు. ఈ పిల్లకి కుట్లూ అల్లికలూ నేర్పితే సూది పారేసి విల్లు పట్టుకునేది. పెద్దయ్యాక మగవేషం వేసుకుని, ఓడ తీసుకుని ఆ దీవికెళ్ళింది. పొద్దుగూకితే ఆ దిబ్బల చుట్టూ మంటలు లేస్తాయి, ఎవరూ వెళ్ళరు. ఇది మంటల్లోంచి నడిచి వెళ్ళి, "నాన్నా, లే, నా కత్తి నాకియ్యి," అని చచ్చిపోయినవాణ్ణి లేపింది. 

"ఇచ్చాడా?" అన్నాను.

"ఫస్ట్ ఇవ్వడు. ఈ కత్తి తీసుకుంటే నీ ఫ్యామిలీ అంతా పోతుంది అంటాడు. తను వినదు. చాలా ఆర్గ్యూ చేస్తారు. అదే డ్రామా, అమ్మా. ఫైట్ ఏమీ లేదు. ఆర్గ్యుమెంటే."

నాకు ఆ చచ్చిపోయినాయన మీద జాలి కలిగింది. హాయిగా పడుకున్నవాణ్ణి.

ఆ మాటల్లో ఉండగానే జూడీ వచ్చింది. మేఘనకి కొలిమి పని నేర్పేది ఈవిడే. డెబ్బై ఏళ్ళుంటాయి, రిటైరయ్యేదాకా పళ్ళ డాక్టరు దగ్గర అసిస్టెంటుగా పనిచేసిందట. నాటకం నడిపేదీ ఆవిడే. ముఖం వాడిపోయి ఉంది. ఏటా తండ్రి వేషం వేసే డేల్‌కి ఎండుగడ్డి పడక ఒళ్ళంతా దద్దుర్లు లేచాయట. దిబ్బంతా గడ్డిమోపులతో కట్టిందే, లోపల పడుకోవడానికి లేదు. పైగా ఈ ఏడు మోపులు తక్కువొచ్చి దిబ్బ చిన్నదైందట, మిగతా మగవాళ్ళెవరూ పట్టరు.

డేల్ ఆవిడ పక్కనే నిలబడ్డాడు. పెద్దాయన, ఎర్రగా కందిపోయిన మెడ. చేతిలో ఒక గడ్డం ఉంది, బూడిదరంగుది, నడుము దాకా ఉంటుంది. దాన్ని పిల్లిని పట్టుకున్నట్టు పట్టుకున్నాడు.

జూడీ నన్ను పైనించి కిందికి చూసింది. నేను ఐదడుగులుంటాను.

"నావల్ల కాదు," అన్నాను. ఆవిడ మళ్ళీ అడిగింది. "నిజంగా నావల్ల కాదండీ," అన్నాను. ఆవిడ మొహం వెలిగింది. నేను పద్ధతి ప్రకారం నడుస్తున్నాననుకుంది. మూడోసారి ఏమనాలో ఆలోచిస్తుంటే వదిన పక్కనించి ఇంగ్లిషులో, "షీ విల్ డూ," అంది.

కొలిమి దగ్గర

శనివారం పొద్దున మేఘన నన్ను కొలిమికి తీసుకెళ్ళింది. సోమవారం సంగతి అక్కడే చెప్పేద్దామనుకున్నాను. కానీ నేను నోరు తెరిచినప్పుడల్లా సుత్తి దెబ్బ పడేది. అది ఆగితే గాలితిత్తి మోటారు మొదలయ్యేది.

ఒక నూనె గుడ్డలోంచి కత్తి తీసి చూపించింది. తనే చేసిందట. వేసవి అంతా పట్టిందట. ఎర్రగా కాల్చి నూనెలో ముంచినప్పుడు ముందు చేసినవన్నీ పగిలిపోయాయట, ఇదొక్కటే నిలిచిందట.

"పగిలినప్పుడు సౌండ్ వస్తుంది అమ్మా. టింగ్ అని. చిన్న సౌండ్. అప్పుడు నేను బయటికి వెళ్ళి ఏడ్చేదాన్ని."

"నాకెందుకు ఫోన్ చెయ్యలేదే?"

"నువ్వు వచ్చేయ్ అంటావు కదా."

దాని చేతుల మీద చిన్న చిన్న కాలిన మచ్చలు. కొన్ని నల్లబడ్డాయి, కొన్ని ఇంకా ఎర్రగా ఉన్నాయి. పంపుల కంపెనీలో ఎయిర్ కండిషన్ గదిలో దీని బల్లమీద చిన్న తులసి మొక్క ఉండేది. నాకు అదే గుర్తొచ్చింది.

సరిగ్గా అప్పుడు బయట విజిల్ మోగింది. వెళ్ళి చూస్తే మైదానంలో డాళ్ళు పట్టుకున్న వైకింగులు ఇరవై మంది దాకా రెండు వరసల్లో నిలబడి ఉన్నారు. ఇన్సూరెన్స్ ఏజెంట్లు, రైతులు, ఒక ఫార్మసిస్టు. ఎదురుగా వదిన, కాటన్ చీర కొంగు నడుముకి దోపుకుని.

"గిట్ల నిలబడితె యుద్ధం ఎట్ల గెలుస్తరు?" అంది నాతో. వాళ్ళతో మాత్రం, "డ్రెస్ బై ది రైట్," అంది. వాళ్ళు కుడివైపు చూసుకుంటూ సర్దుకున్నారు. ఆ వరస అంత తిన్నగా ఎప్పుడూ నిలవలేదట. పోలీసాయన భార్య మా వదినకి ఇంకో డాలు తెచ్చి ఇచ్చింది. వదిన రెండుసార్లు వద్దంది.

దిబ్బ లోపల

సాయంత్రానికి జనం మడత కుర్చీలు తెచ్చుకుని కూచున్నారు. దిబ్బ మీద ఆకుపచ్చ తివాచీ పరిచారు, గోల్ఫ్ ఆడుకునేచోట వేస్తారే, అది. చుట్టూ గ్యాసు గొట్టం తిప్పి సన్నగా మంట పెట్టారు. ఫైర్ డిపార్ట్‌మెంట్ ఆయన ఒకడు మంటలార్పే డబ్బా పట్టుకుని, తోలు చొక్కా వేసుకుని, దయ్యంలా నటిస్తూ పక్కన నిలబడ్డాడు.

గడ్డం డేల్ స్వయంగా అంటించాడు. చాలాసేపు సర్దాడు. "తొందరపడకండి. చచ్చిపోయినవాడికి తొందరుండదు," అని సలహా ఇచ్చాడు. ఆ గొంతులో ఎంత బాధుందో నాకు తెలుస్తూనే ఉంది.

దిబ్బలో వెల్లకిలా పడుకున్నాను. గుండెలమీద కత్తి. డైలాగులు పెద్ద అక్షరాల్లో ప్రింటుచేసి లోపల నా ముఖానికెదురుగా అంటించారు. కళ్ళజోడు తీసుకురాలేదని అప్పుడు తెలిసింది. దానికితోడు పొగ. అక్షరాలన్నీ నల్ల చీమల్లా కదులుతున్నాయి. గడ్డం ముక్కులో దూరుతోంది.

బయట మేఘన గొంతు వినపడింది. ఇంగ్లిషులో గంభీరంగా, "లే, అంగాంటీర్. నీ ఒక్కగానొక్క కూతురు హెర్వోర్ నిన్ను లేపుతోంది," అంటోంది. మళ్ళీ అంది. మూడోసారికి గొంతు కాస్త కంగారుపడింది.

నేను లేచి కూచున్నాను.  ఏదో ఒకటి అనాలి. నోటికి వచ్చింది తెలుగే.

"ఎవరే అది? పడుకున్నవాళ్ళని లేపుతావేం?" అన్నాను.

మేఘన నివ్వెరపోయింది. మంట అవతల మగవేషంలో, ఇనుప టోపీతో నిలబడి ఒక క్షణం నన్ను చూసింది. తర్వాత అదీ తెలుగులోకి దిగింది.

"నేను నీ కూతురు. కత్తి కావాలి."

"నీకు కత్తెందుకు?"

"అది నాది. నేను చేశాను."

ఇక్కడిదాకా కాస్త అటూ ఇటూగా కథ ప్రకారమే ఉంది. తర్వాత నాకేమైందో తెలీదు. చుట్టూ ఉన్నవాళ్ళకి ఒక్క ముక్క అర్థం కాదన్న ధైర్యమో ఏమో, పొద్దుటినించీ గొంతులో అడ్డం పడ్డది బయటికొచ్చింది.

"ప్రసాద్ అంకుల్ ఫోన్ చేశారు. నీ సీటు ఇంకా ఖాళీగానే ఉందట. సోమవారంలోగా చెప్పమన్నారు."

"ఏంటి?"

"మళ్ళీ తీసుకుంటారట. నాన్న నిన్ను తీసుకురమ్మన్నారు."

"దానికి వచ్చావా? డ్రామా చూడటానికి కాదా?"

"రెండింటికీ."

జనం కుర్చీల అంచుకి జరిగి వింటున్నారు. ఎక్కడో చిన్నపిల్ల ఏడిస్తే తల్లి నోరు మూసింది. మేఘన మంట దాటి నా ముందుకు వచ్చింది. కళ్ళనిండా నీళ్ళు.

"నేను రాను అమ్మా. నువ్వు కోపం చెయ్యి, ఓకే. నాన్న కూడా కోపం చెయ్యనీ. నేను ఇక్కడ బాగా చేస్తున్నాను. ఫస్ట్ టైమ్ నేను బాగా చేస్తున్నాను. కత్తి ఇవ్వు."

"డబ్బులెక్కణ్ణించి వస్తాయే? జ్వరమొస్తే ఎవరు చూస్తారు? చేతులు చూడు ఎలా చేసుకున్నావో. ఇదే నిన్ను కాల్చేస్తుంది," అని కత్తి గుండెకి గట్టిగా పట్టుకున్నాను.  గడ్డం ఒకవైపు ఊడి వేలాడింది.

"కాలనీ," అంది మేఘన. "నా చేతులే కదా."

 అప్పుడు వెనక డాళ్ళ వరసలోంచి, పోలీసాయన భార్య పక్కనించి, మా వదిన గొంతు వినపడింది.

"ఇచ్చెయ్యి పద్మా. పోరి ఏడుస్తుంది. ఎవలిది వాళ్ళకు ఇచ్చెయ్యాలె."

నేను కత్తి చూశాను. అంచు వెంబడి నీళ్ళలా సన్నటి గీతలు. పిడి దగ్గర మళ్ళీ ఆ మామిడి పిందె. పంపుల డ్రాయింగులు తెచ్చి చూపించినప్పుడు కూడా బాగుందనేదాన్ని. అప్పుడు చూడకుండా అన్నాను. ఇప్పుడు చూశాక ఏమీ అనలేకపోయాను.

రెండు చేతులతో ఎత్తి ఇచ్చాను. బరువుకి ముందుకి తూలి, దిబ్బలోంచి జారి దాని మీదే పడ్డాను. మేఘన ఒక చేత్తో కత్తినీ, ఇంకో చేత్తో నన్నూ పట్టుకుంది. తివాచీ అంచు మంటకి తగిలి ఫైర్ డిపార్ట్‌మెంట్ దయ్యం తెల్లటి పొడి మా ఇద్దరిమీదా గుప్పించాడు.

జనమంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.

తర్వాత చాలామంది వచ్చి చేతులు పట్టుకున్నారు. సకినం చూసి ఏడ్చిన ముసలావిడ మళ్ళీ ఏడుస్తోంది. కాలేజీలో పాత ఉత్తర భాషలు చెప్పి రిటైరైన ఒకాయన చేతికర్రతో నా దగ్గరికి వచ్చి, ఎంతో గౌరవంగా, తను ఎన్నో ఉచ్చారణలు విన్నాను కానీ ఇది ఏ ప్రాంతపు మాండలికమో పోల్చుకోలేకపోయానన్నాడు.

"గుంటూరు జిల్లా," అంది వదిన.

ఆయన ఆ పేరు రెండుసార్లు మెల్లగా పలికి, అది ఐస్‌లాండ్‌కి ఏ వైపని అడిగాడు. నేను నిజం చెప్పేశాను. ఆయన కాసేపు ఆలోచించి, "అయినా నాకు అర్థమైంది," అన్నాడు.

తిరుగు దారి

ఆదివారం పొద్దున ఫోన్ చేసి రవికి చెప్పాను. "నువ్వు అడిగావా అసలు?" అన్నాడు. అందరి ముందూ అడిగానన్నాను.  తర్వాత, ఆ కత్తి ఫొటో ఉంటే పంపమన్నాడు. ప్రసాద్ గారికి తనే చెప్పుకుంటానన్నాడు. 

ఆ సీటు వేరేవాళ్ళకిచ్చారు. మేఘన అక్కడే ఉంది. చలికాలానికి జూడీ కొలిమి పక్కగదిలోకి మారింది. ఖర్చులకి ఎలా సరిపెట్టుకుంటోందో అడిగితే గొళ్ళేలంటుంది. నాకు నమ్మకం లేదు. ఉద్యోగంతోపాటు పోయిన ఆరోగ్య బీమా లేదనే దిగులు అలాగే ఉంది. వదిన హనమకొండ వెళ్ళిపోయి, తనకిచ్చిన డాలు ముందుగది గోడకి తగిలించింది. వచ్చినవాళ్ళకి మాత్రం గెలుచుకున్నానని చెబుతోందట.

మేం బయల్దేరేముందు జూడీ నా దగ్గరికి వచ్చి, వచ్చే ఏటి నించి నాటకంలో ఆ భాగం తెలుగులోనే ఆడాలని ఊరివాళ్ళు కోరుతున్నారంది. రాలేనని మొదటిసారే గట్టిగా చెప్పాను. ఆవిడ మళ్ళీ అడగబోతే, మా ఊళ్ళో ఒక్కసారి చెబితే చెప్పినట్టేనని అబద్ధం ఆడాను. డేల్ మొహం చూశాను కాబట్టి ఆ అబద్ధానికి బాధ లేదు. గడ్డం ఆయనకి తిరిగిచ్చేశాను. దద్దుర్లకి డాక్టరు మందు మార్చాడట, దిబ్బకి కూడా గడ్డిమోపులు మాని చెక్కలు వాడతారట.

ఇప్పుడు ప్రతి ఆదివారం మధ్యాహ్నం డేల్ నాకు వీడియో కాల్ చేస్తాడు. నేను ఇడ్లీపిండి రుబ్బుకుంటూ వింటాను. వచ్చే ఏటి వేషానికి ఆయన నాటకం వీడియోలోంచి తెలుగు డైలాగులు ఇంగ్లిషు అక్షరాల్లో రాసుకుని వల్లెవేస్తున్నాడు. "పడుకున్నవాళ్ళని" బాగా వస్తోంది. "చేసుకున్నావో" దగ్గర నాలుక మడతపడుతోంది. ప్రసాద్ అంకుల్ పేరు తీసెయ్యొచ్చు కదా అంటే ఒప్పుకోడు, ఒక్క మాట మార్చినా ప్రామాణికత పోతుందంటాడు.

మొన్నటి ఆదివారం ఆయన మధ్యలో ఆగి కళ్ళజోడు తీశాడు. 

"ఒక సందేహం. జ్వరమొస్తే ఎవరు చూస్తారని అంటాడు కదా, ఆ మాట దగ్గర తండ్రికి కోపమా, భయమా?"

మిక్సీ ఆపాను.

"భయమే," అన్నాను. "కానీ వినేవాళ్ళకి కోపంలా వినపడాలి."

డేల్ తలూపి, అది రాసుకుని, మళ్ళీ మొదటినించి మొదలుపెట్టాడు.